పెద్ద రసం చెట్టుకి కలెక్టరు కాయలు

రీగా
2 మార్చి 1986

మావయ్యకి కల్యాణి నమస్కారాలు.

నా ఆరోగ్యం, చదువు, తిండి సంగతులన్నీ అమ్మకి రాసిన ఉత్తరంలో ఉన్నాయి. అది ఏలూరు నుంచి వారంలోగా మీ ఇంటికి చేరుతుందని తెలుసు కాబట్టి మళ్ళీ రాయను. శకుంతలత్తయ్యతో చెప్పండి, ఆవిడ పంపిన కారప్పొడి ఇంకా గుప్పెడు మిగిలింది.

ఇది వేరే పని మీద రాస్తున్నాను. ఇక్కడ వాల్దిస్ అని ఒకాయన ఉన్నాడు. నలభై ఆరేళ్ళుంటాయి. ప్రభుత్వ స్టూడియోలో డాక్యుమెంటరీలు తీస్తాడు. కథ ఉండదు, పాటలుండవు, ఉన్నదాన్ని ఉన్నట్టు తీస్తాడు. దీవిలో ఒక్కడే తిరిగే పోస్ట్‌మన్ మీద ఒకటి, చేపలు శుభ్రం చేసే ఆడవాళ్ళ మీద ఒకటి తీశాడు. మొత్తం పద్నాలుగు తీస్తే ఆరే బయటికొచ్చాయి. మిగతా ఎనిమిదీ స్టూడియో బీరువాలో ఉన్నాయట. ఎందుకని అడిగితే నవ్వుతాడు. మా హాస్టల్లో విదేశీ విద్యార్థుల మీద తియ్యడానికి వచ్చినప్పుడు పరిచయమయ్యాడు. ఎవరినీ ఇలా నిలబడు, అలా నవ్వు అనడు. ఓ మూల కూర్చుంటాడు, అంతే.

ఇప్పుడు స్టూడియో వాళ్ళు ఆయన్ని మన దేశం పంపుతున్నారు. రెండు దేశాల స్నేహం మీద ఇరవై నిమిషాల బొమ్మ కావాలట. అందులో పంట, పండ్లు, నవ్వు మొహాలు ఉండాలట. ఎక్కడికెళ్ళమంటావని నన్నడిగాడు. నూజివీడు వెళ్ళమన్నాను. మా మావయ్య తోటలో పెద్ద రసం కొమ్మలు కాయ బరువుకి నేలకి వంగుతాయి, ఊతకర్రలు పెడితే గానీ ఆగవు అన్నాను. ఆయన నవ్వి, "పరాయి దేశంలో ఉన్నవాళ్ళందరికీ సొంతూరి చెట్లు అలాగే కనిపిస్తాయి" అన్నాడు. నాకు రోషమొచ్చింది. మీ ఇంట్లో ఉండి చదువుకున్న ఏడేళ్ళూ కళ్ళారా చూసినదాన్ని కదా, ఒట్టు పెట్టి మరీ చెప్పాను. కాగితంలో నూజివీడు అని రాసుకున్నాడు.

మే నెలలో రావచ్చు. ఆయన్ని చూసుకునే బాధ్యత మీది.

మీ మేనకోడలు
కల్యాణి


నూజివీడు
6 ఏప్రిల్ 1986

చి. కల్యాణిని మావయ్య దీవించి రాస్తున్నాడు.

నీ ఉత్తరం ఇరవై ఆరు రోజులకి వచ్చింది. కవరు ఎవరో విప్పి మళ్ళీ అతికించినట్టున్నారు, జిగురు పోస్ట్‌మన్ వేళ్ళకి అంటుకుంది. మీ రష్యా వాళ్ళకి తెలుగొచ్చా ఏంటి? వస్తే వాళ్ళక్కూడా నా నమస్కారాలు. రష్యా కాదు లాత్వియా అంటావని తెలుసు. మాకిక్కడ అంతా రష్యాయే.

సినిమావాళ్ళు వస్తున్నారని కొట్లో ఒక్క మాటన్నాను. అంతే, హీరోయిన్ ఎవరని పొద్దుటి నుంచి ఒకటే గోల. "హీరోయినూ లేదు, హీరోయిను తల్లీ లేదు, మామిడికాయలయ్యా" అంటే, మామిడికాయలు చూడ్డానికి టికెట్టు ఎవడు కొంటాడని అడిగారు. విజయవాడ రష్యా స్నేహ సంఘం సెక్రటరీ బసవపున్నారావు గారు కూడా కబురు చేశారు. ఢిల్లీ నుంచి ఆయనకి కాగితం వచ్చిందట. మనూరికి ఇది మామూలు గౌరవం కాదు పాండురంగారావు గారూ అన్నారు. మన కాపలా సలోమోను అయితే వచ్చేవాడు తన మతం వాడేనని తెలిసిన దగ్గర్నుంచి మెడ ఎత్తుకు తిరుగుతున్నాడు.

ఒక్క సంగతి గట్టిగా చెప్పు. మొన్న గాలివానకి పిందె సగం రాలింది. ముసునూరు వైపు ఇంకా ఘోరం. నిలిచిన కాయ జూన్ మొదటి వారానికల్లా దించేస్తాం. కాబట్టి మే పదిహేనుకి రమ్మను. ఆలస్యమైతే చూడ్డానికి ఆకులే ఉంటాయి. తర్వాత నన్నని లాభం లేదు.

ఆయన పచ్చిమిరపకాయ తింటాడా అని మీ అత్తయ్య అడుగుతోంది.

ఆశీస్సులతో
పాండురంగారావు


నూజివీడు
8 జూలై 1986

చి. కల్యాణికి,

ముందు నీ సంగతి రాయి. మీ దేశంలో అణుకరెంటు ఫ్యాక్టరీ ఏదో పేలిందని పేపర్లో చదివిన దగ్గర్నుంచి మీ అత్తయ్యకి నిద్ర లేదు. నువ్వున్న చోటికి అది ఎన్ని మైళ్ళు? పాలు తాగకు.

మీ వాల్దిస్ వచ్చాడు, వెళ్ళాడు. మే పదిహేనుకి రావాల్సిన మనిషి ఢిల్లీలో కాగితాల దగ్గర చిక్కుకుని జూన్ ఇరవై ఎనిమిదిన దిగాడు. కూడా ఢిల్లీ నుంచి దుబాసీ అమ్మాయి, చెవులకి డిప్పలు పెట్టుకున్న ఇంకో మనిషి. ఆ డిప్పల మనిషి చేతిలో ఒక పొడుగు కర్ర, దాని చివర బొచ్చు. అది కెమెరా దుమ్ము దులిపే బూజుకర్ర అనుకుంటాను.

శనివారం సాయంత్రం దిగారు. ఆదివారం తోటలో తీశారు, సోమవారం బజార్లో తీశారు, వెళ్ళిపోయారు. మనిషి మంచివాడు. మాట్లాడడు. ముద్దపప్పూ ఆవకాయా కలిపి పెడితే కళ్ళ వెంట నీళ్ళు కారుతున్నా పళ్ళెం ఖాళీ చేశాడు. వెళ్ళేటప్పుడు నా చెయ్యి పట్టుకుని చాలాసేపు వదల్లేదు. ఏంటో అన్నాడు. "మీ అమ్మాయి చెప్పింది నిజమే" అన్నాడని దుబాసీ పిల్ల చెప్పింది.

తోటలో కాయ ఉందా అని నువ్వడుగుతావు. ఉంది. కొమ్మలు వంగే ఉన్నాయి. ఇంక దాని గురించి అడక్కు.

నీ క్షేమం వెంటనే రాయి.

పాండురంగారావు


రీగా
19 అక్టోబర్ 1986

మావయ్యకి,

పేలిన ఊరు ఇక్కడికి చాలా దూరం. నేను బాగున్నాను, పాలు తాగుతున్నాను.

మొన్న బుధవారం మన బొమ్మ టీవీలో వేశారు. హాస్టల్ హాల్లో అందరం కూర్చుని చూశాం. పట్టు కండువాతో మీరు కనిపించగానే నేను కుర్చీలోంచి లేచి అరిచాను. అది మా మావయ్య అని శ్రీలంక పిల్లలకీ, మంగోలియా పిల్లలకీ, వార్డెనుకీ చెప్పాను. తర్వాత తోట వచ్చింది. కాయలతో కొమ్మలు కిందికి వంగి ఉన్నాయి. హాల్లో అందరూ ఆ అన్నారు. స్టూడియో వాళ్ళు వాల్దిస్‌కి బహుమానం కూడా ఇచ్చారట.

అంతా బాగుంది గానీ మావయ్యా, మన పెద్ద రసం చెట్టుకి కలెక్టరు కాయలు ఎప్పట్నుంచి కాస్తున్నాయి?

ఒకటి రెండైతే నా కళ్ళే పొరబడ్డాయనుకుందును. బావి పక్కనున్న చెట్టు నిండా అవే. ముక్కు వంకర తిరిగిన పొడుగాటి కాయలు. గుండ్రటి రసం కాయ ఒక్కటంటే ఒక్కటి లేదు. జూన్ నెలాఖరుకి మీ తోటలో కాయ ఉందన్నప్పుడే నాకు అనుమానం రావాల్సింది. భయపడకండి, ఈ ఊళ్ళో రసం చెట్టుకీ కలెక్టరు కాయకీ తేడా తెలిసినదాన్ని నేనొక్కదాన్నే. ఎవరికీ చెప్పలేదు. కానీ నాకు చెప్పకపోతే మాత్రం ఊరుకోను.

కల్యాణి


నూజివీడు
23 నవంబర్ 1986

అమ్మాయ్,

నీకు కళ్ళా, తూనికరాళ్ళా?

సరే, విను. అప్పటికి కాయ దించేసి ఇరవై రోజులైంది. తోట బోడిగా ఉంది. శనివారం సాయంత్రం ఈయన దిగి, పొద్దున పది గంటలకి తోట చూస్తానన్నాడు. బజార్లో ఆ రోజుల్లో దొరికేవి జ్యూసు ఫ్యాక్టరీకి పోయే కలెక్టరు కాయలే. మూడొందల కాయలు తీసుకుని, అరటినార నానబెట్టి, ఆదివారం తెల్లారుతూనే నిచ్చెనలేసి నేనూ సలోమోనూ కట్టడం మొదలెట్టాం. వాడు పాపం చర్చి మానుకుని వచ్చాడు. అంత పెద్ద దేశం నుంచి మనిషి వస్తే మనూళ్ళో చూపించడానికి ఒక కాయ లేదంటే నూజివీడు పరువేం కావాలి? బసవపున్నారావు గారి మొహం ఎలా చూడాలి? పరువు కోసం చేశాను.

ఒక్క చిక్కు వచ్చింది. పదింటికి రావాల్సిన మనిషి ఏడింటికే నడుచుకుంటూ వచ్చేశాడు. నేను నిచ్చెన మీదున్నాను. కిందకి దిగబోతే చేత్తో వద్దు వద్దని సైగ చేసి బావి గట్టు మీద కూర్చున్నాడు. కెమెరా ఒళ్ళో పెట్టుకుని తుడుచుకుంటున్నాడు. డిప్పల మనిషి బూజుకర్ర పట్టుకుని చెట్టు కింద నిలబడ్డాడు. సరే, సినిమా తియ్యాలంటే ముందు ఒకడు స్టార్టు అని అరవాలి, ఇంకొకడు పలక కొట్టాలి కదా. మనం పేపర్లలో చదవలేదా? అవేమీ లేవు కాబట్టి షూటింగు మొదలవలేదని నా పని నేను చేసుకున్నాను. ఆయన అర్థం చేసుకుని మర్యాదగా ఊరుకున్నాడు. పది గంటలకి కండువా వేసుకొచ్చాక అసలు షూటింగు చేశాడు.

ఈ సంగతి నీ కడుపులోనే ఉంచుకో. వచ్చే ఫిబ్రవరిలో మన సినిమాహాల్లో ఆ బొమ్మ వేసి నాకు సన్మానం చేస్తారట.

మావయ్య


రీగా
5 ఏప్రిల్ 1987

మావయ్యకి,

చాలా సంతోషకరమైన విషయం. కూర్చుని చదవండి.

వాల్దిస్ ఆ ఆదివారం పొద్దున బావి గట్టు మీద కెమెరా తుడుచుకోలేదు, తీశాడు. ఆయన పద్ధతి అదేనని మొదటి ఉత్తరంలోనే రాశాను కదా. ఆ బూజుకర్ర మైకు. మిగిలిపోయిన ఫిలిం మీద మీరూ సలోమోనూ కాయలు కట్టడమంతా తీశాడు. స్టూడియోకి కావాల్సిన బొమ్మ వాళ్ళకిచ్చి, సాయంత్రాలు ఒక్కడే కూర్చుని దీన్ని కూర్చాడు. పద్దెనిమిది నిమిషాలు. తెలుగు మాటలు అనువాదం చెయ్యమని నన్ను పిలిచాడు. చూసి నోరు తెరిచాను. నా జీవితంలో ఇంత గొప్ప బొమ్మ చూడలేదు, పొగడ్త కాదు.

స్టూడియో వాళ్ళు చూసి, నాలుగు నిమిషాలు కొయ్యమన్నారు, మిగతాది ఉంచుకోమన్నారు. ఒక్క ముక్క కూడా కొయ్యనన్నాడు. మాటా మాటా పెరిగింది. ఇరవై రెండేళ్ళ ఉద్యోగం వదిలేసి రీళ్ళు సంచీలో వేసుకుని బయటికొచ్చేశాడు. ఇక మీద సొంతంగా తీస్తాడట. సముద్రం ఒడ్డున జాలర్ల సహకార సంఘం వాళ్ళకి ఒక చిన్న ఫిలిం క్లబ్బు ఉంది. వాళ్ళు తమ బల్ల, యంత్రం వాడుకోమన్నారు. ఈ దేశంలో ఇలా చెయ్యడానికి ఎంత గుండె కావాలో ఉత్తరంలో రాయలేను.

పోయిన శనివారం ఆ క్లబ్బులో వేశారు. యాభై మంది ఉంటారు. మీరు నిచ్చెన మీంచి కాయని అటూ ఇటూ తిప్పి "ముక్కు లోపలికి పెట్టరా" అన్న దగ్గర హాలంతా పగలబడి నవ్వింది. చివర్లో కళ్ళు తుడుచుకున్నారు. మీరు ఉంటే బాగుండేది. పెద్ద సినిమా పండగకి పంపుతారట. మీకెంత పేరొస్తుందో!

కల్యాణి


నూజివీడు
14 జూన్ 1987

కల్యాణికి,

పేరు వచ్చింది. చాలు.

నా ఇంట్లో పెట్టిన అన్నం తిని, నా బావి గట్టు మీద కూర్చుని, నేను చూడకుండా నా బొమ్మ తీసి, యాభై మందిని కూర్చోబెట్టి నవ్వించాడా మీ వాల్దిస్? నువ్వు పక్కనుండి నా మాటలు వాళ్ళ భాషలోకి మార్చి పెట్టావా? పైగా కూర్చుని చదవమన్నావు. చదివాను. నీ కడుపులో ఉంచుకోమన్న మాటని ఏకంగా గుడ్డ మీద ఆడించారు.

ఫిబ్రవరిలో మన హాల్లో బొమ్మ వేశారు. శాలువా కప్పారు. ఆర్డీవో గారు వచ్చారు. మన తోట కాపు గురించి నేనే అయిదు నిమిషాలు మాట్లాడాను. నాలుగు నెలలు తిరక్కుండా ఇదా?

పోయిన వారం బసవపున్నారావు గారు ఒక కాగితంతో వచ్చారు. ఆ స్టూడియో వాళ్ళు పంపారట. వాల్దిస్ అనేవాడు అనుమతి లేకుండా తోట మీద ఇంకో బొమ్మ చేశాడు, అందులో కాయలు కట్టినట్టు చూపించాడు, నిజమేంటో మీరు చెప్పండి అని. కాయలు చెట్టుకి కాసినవే, కట్టినట్టు చూపించిందంతా వాడి కల్పన, నా పరువు తియ్యడానికి చేశాడు అని రాయించారు. సంతకం పెట్టాను. నీకు తెలియాలని రాస్తున్నాను.

మీ అత్తయ్య నీకు కారప్పొడి పంపుతానంటోంది. అది ఆవిడ ఇష్టం.

పాండురంగారావు


రీగా
2 ఆగస్టు 1987

మావయ్యకి,

మీ ఉత్తరం అందింది. మీ సంతకం కూడా అందింది, స్టూడియోకి.

ఏం జరిగిందో వరసగా రాస్తాను. డాక్యుమెంటరీ తీసేవాడు దొంగతనం చేస్తే క్షమిస్తారు, తాగితే క్షమిస్తారు. లేనిది ఉన్నట్టు తీశాడంటే మాత్రం అంతటితో సరి. మీ కాగితం చూపించి, ఈయన బొమ్మలు కల్పితాలని తేల్చారు. రీళ్ళు పట్టుకుపోయారు. సినిమావాళ్ళ సంఘంలోంచి పేరు కొట్టేశారు. పాత బొమ్మలు కూడా, ఆ పోస్ట్‌మన్‌ది, చేపల ఆడవాళ్ళది, ఇక వెయ్యరట. వాల్దిస్ ఇప్పుడు ఒక స్కూలు బాయిలరు గదిలో బొగ్గు వేస్తున్నాడు. మీ మీద ఒక్క మాట అనలేదు. "ఆయన ముందే చెప్పుంటే బావి గట్టు మీంచి లేచిపోయేవాడిని" అన్నాడు. అది కూడా అబద్ధమే, లేచేవాడు కాదు.

వాళ్ళు నవ్వింది మిమ్మల్ని చూసి అనుకున్నారు. తప్పు నాదే, సరిగ్గా రాయలేదు. రాయలేని కారణం మీ పోస్ట్‌మన్ వేళ్ళకి అంటుకుంటోంది. అయినా ఈసారి రాస్తాను. ఇక్కడ పెద్దవాళ్ళు తనిఖీకొస్తున్నారంటే దారి పొడుగునా ఉన్న కంచెలకి మాత్రం రంగేస్తారు. పక్కూరి ఆవుల్ని తెచ్చి ఈ ఊరి పాకలో కడతారు. వేళ్ళు లేని చెట్లు మంచులో గుచ్చుతారు. హాల్లో ఉన్న యాభై మందీ ఎప్పుడో ఒకప్పుడు అలాంటి నిచ్చెన ఎక్కినవాళ్ళే. మీలో వాళ్ళని చూసుకుని నవ్వారు. పక్కనున్నవాడు కూడా నవ్వుతున్నాడని తెలిసి ఇంకా నవ్వారు.

ఇక ఏడ్చింది ఎందుకో. మైకులో మీ మాట పడింది మావయ్యా. టేపులో ఉన్నది ఉన్నట్టు కింద రాస్తున్నాను.

సలోమోను: అయ్యగారూ, తిట్టనంటే ఒకటడుగుతానండి. కోసిన కాయ మళ్ళీ చెట్టుకి కట్టడం నా జన్మలో చూళ్ళేదండి. కాయల్లేవని చెప్పేస్తే పోయిందేముందండి? వచ్చే ఏడు రమ్మందాం.

మీరు: మన పిల్ల ఆయనకి ఒట్టేసి చెప్పిందిరా, కొమ్మలు వంగుతాయని. ఆ చలి దేశంలో దానికెవరున్నారు? మాట తప్ప దాని చేతిలో ఏముంది? అది అబద్ధాలకోరు అనిపించుకోకూడదు. కట్టు.

ఆ తర్వాత సలోమోను మాట్లాడలేదు. రెండు నిమిషాలు నార బిగించే చప్పుడే ఉంది. బొమ్మ అక్కడితో అయిపోతుంది.

ఊరి పరువు కోసమని నాకు రాశారు. ఆ నాలుగు మాటలు అనువాదం చెయ్యడానికి నాకు రెండు రోజులు పట్టింది. మీ మీద కోపంగా ఉంది. మిమ్మల్ని చూడాలని ఉంది.

కల్యాణి


నూజివీడు
6 డిసెంబర్ 1987

చి. కల్యాణికి,

నీ ఉత్తరం వచ్చి మూడు నెలలైంది. సొరుగులో పెట్టాను. తీసి చదివి మళ్ళీ పెట్టాను. పోయిన నెల మీ అత్తయ్య తీసి పైకి చదివింది. చదివి ఏమందో తెలుసా? "కాయలు కట్టారని ఊళ్ళో తెలియనిదెవరికి? మూడొందల కలెక్టరు కాయలు బజార్లో కొన్నారు, రెండు నిచ్చెనలు అరువు తెచ్చారు. మీ మొహమ్మీద అనలేదు గానీ సన్మానం నాడు హాల్లో సగం మంది నోటికి కండువా అడ్డం పెట్టుకున్నారు" అంది. నేను దేన్ని కాపాడుకుంటూ ఆ సంతకం పెట్టానో అది అప్పటికే లేదన్నమాట. లేనిదాని కోసం ఒక మనిషి నోట్లో బొగ్గు కొట్టాను.

విజయవాడ వెళ్ళాను. బసవపున్నారావు గారు కాగితం వెనక్కి రాదన్నారు. శాలువా కప్పి ఫోటో వేయించాం, ఇప్పుడు కట్టిన కాయలంటే సంఘం ఏమైపోవాలి, మీరేమైపోవాలి అన్నారు. శాలువా ఆయన బల్ల మీద పెట్టి వచ్చాను. అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని మీ తాతగారు ఎప్పుడూ అనేవారు. తొక్కాను కాబట్టి కడగాల్సిందే.

దీంతో ఒక కాగితం పెడుతున్నాను. ఇంకో ప్రతి స్టూడియోకి రిజిస్టర్ చేశాను. తెలుగులోనే రాశాను. ఇంగ్లీషులో రాయిస్తే లాయరు నా తప్పుని సగం చేసేస్తాడు. నువ్వు ఉన్నదున్నట్టు మార్చి వాళ్ళ కచేరీలో ఇవ్వు.

"నూజివీడు కాపురస్తుడు, మామిడి వ్యాపారి పాండురంగారావు రాసి ఇచ్చినది. 1986 జూన్ 29 ఆదివారం ఉదయం నా తోటలో చెట్లకి కాయ లేదు. బజారు నుంచి తెచ్చిన కాయలు నేను స్వయంగా అరటినారతో కట్టాను. వాల్దిస్ గారు నన్ను కట్టమనలేదు. ఆయన తీసింది నిజం. జూన్‌లో నేను సంతకం పెట్టిన కాగితం అబద్ధం. అబద్ధమని తెలిసే పెట్టాను. నా చేత ఎవరూ బలవంతాన పెట్టించలేదు. సాక్షి: తోట కాపలా సలోమోను."

దీన్ని మొన్న శుక్రవారం బజార్లో, వేలంపాట మొదలవకముందు, అందరి ముందూ చదివి సంతకం పెట్టాను. ఎవరూ నవ్వలేదు. నవ్వినా బాగుండేది.

ఇప్పుడు నాదొక్క కోరిక, ఆయన్ని అడుగు. నేను నిచ్చెనెక్కడం, కాయ తిప్పడం, తిట్టడం లోకమంతా చూడనీ, నాకేం అభ్యంతరం లేదు. ఆ చివరి మాట మాత్రం తీసెయ్యమను. అది సినిమాకి చెప్పింది కాదు. సలోమోనుకి కూడా చెప్పాల్సింది కాదు, నోరు జారింది. నీ గురించి నేననుకునేది నాది. ఊరూ పేరూ తెలియని జనం ముందు దాన్ని ఆడించడం నాకిష్టం లేదు. కాదంటే బలవంతం లేదు. కొయ్యనని ఉద్యోగమే వదులుకున్న మనిషిని అడుగుతున్నానని నాకు తెలుసు.

మావయ్య


రీగా
22 మే 1988

మావయ్యకి,

ఈమధ్య ఉత్తరాలు తొమ్మిది రోజుల్లో వస్తున్నాయి, కవర్లు కూడా శుభ్రంగా ఉంటున్నాయి. కాబట్టి అన్నీ రాస్తాను.

మీ కాగితం జనవరిలో కచేరీలో ఇచ్చాను. పుచ్చుకున్నాయన రెండుసార్లు చదివి, ఇది నిజంగా ఆయనే రాశాడా అని అడిగాడు. తన ఇరవయ్యేళ్ళ ఉద్యోగంలో, నేను అబద్ధమాడాను అని ఒక మనిషి తనంతట తానే రాసిన కాగితం చూడలేదట. రీళ్ళు మార్చిలో తిరిగొచ్చాయి. సంఘంలో పేరు మళ్ళీ రాశారు. స్టూడియో వాళ్ళు వెనక్కి రమ్మన్నారు గానీ వాల్దిస్ వెళ్ళలేదు. పొద్దున బాయిలరు పని, మధ్యాహ్నం నుంచి జాలర్ల క్లబ్బులో ఎడిటింగు. బాయిలరు గదిలో వెచ్చగా ఉంటుంది, ఎవరూ సలహాలివ్వరు అంటాడు. తర్వాతి బొమ్మ, కంచెలకి రంగులేసేవాళ్ళ మీద తీస్తున్నాడు. ఒక ఏడాది పోయింది, అది మాత్రం తిరిగి రాదు. మనిషి చిక్కిపోయాడు. అది మీకు చెప్పకుండా ఉండలేను.

మీ కోరిక చెప్పాను. ఆ మాట పోతే బొమ్మకి ఊపిరి పోతుందన్నాడు. నేను బతిమాలలేదు. మూడు రోజుల తర్వాత నన్ను పిలిచి, బల్ల ముందు కూర్చోబెట్టి, నా కళ్ళ ముందే శబ్దం పట్టీలో పదకొండు సెకన్లు కోశాడు. బొమ్మ అలాగే ఉంది, మాట పోయింది. నిచ్చెన మీద మీ పెదాలు కదులుతాయి, ఏమీ వినపడదు. తర్వాత నార చప్పుడు మొదలవుతుంది. కోసిన ముక్క కాగితంలో చుట్టి నా చేతికిచ్చాడు.

నిన్న పెద్ద హాల్లో వేశారు. ఆరువందల మంది. నవ్వాల్సిన దగ్గర నవ్వారు. లైట్లు వేశాక ముందు వరసలోంచి ఒక పెద్దావిడ లేచి అడిగింది. "ఆఖరున ఆ పెద్దమనిషి ఏదో అన్నాడు, అది విని ఆ కాపలా మనిషి మాట్లాడకుండా కట్టడం మొదలెట్టాడు. ఏమన్నాడు?" అని. వాల్దిస్ తనకి తెలుగు రాదన్నాడు. అనువాదం చేసింది నేనని హాల్లో పంచిన కాగితంలో వేశారు కదా, ఆవిడ నావైపు తిరిగి అదే అడిగింది. హాలంతా తిరిగింది.

నాకు తెలియదన్నాను.

ఇక్కడికొచ్చి అయిదేళ్ళలో నేనాడిన అబద్ధం అదొక్కటే మావయ్యా.

కల్యాణి